పాస్‌వర్డ్ మార్చేముందు రౌటర్ లాగ్ చూడండి: బెంగళూరు ఏఎంసీ మిత్రులకు బహిరంగ లేఖ

బెంగళూరులో చిన్న ఆఫీసులకి, షాపులకి, గోడౌన్లకి నెట్‌వర్క్ ఏఎంసీ (ఏడాది పొడుగునా మరమ్మతులు చూసే కాంట్రాక్టు) చేస్తున్న మిత్రులందరికీ,

నమస్తే. నేను జిగణిలో ఒక గ్రానైట్ యార్డులో అకౌంట్స్ చూస్తాను. చిన్న ఆఫీసులో అకౌంట్స్ చూసే మనిషికి ఇంకేమేం అంటగడతారో మీకు చెప్పక్కర్లేదు. ప్రింటరు, సీసీటీవీ, నెట్ బిల్లు, చివరికి వాటర్ క్యాన్ కూడా నా ఖాతాలోనే. మీరు రౌటర్ బిగించి వెళ్ళిపోయాక ఏది ఆగినా ఫోన్ వచ్చేది నాకే. అందుకని ఈ ఉత్తరం రాసే హక్కు నాకుందనుకుంటున్నాను. ఏ కంపెనీ పేరూ ఎత్తను. మా దగ్గరికి వచ్చినవాళ్ళు వేర్వేరు సంస్థలవాళ్ళు, చేసిన వైద్యం మాత్రం అందరిదీ ఒకటే.

మాకు వీపీఎన్, అంటే బయట్నుంచి ఇంటర్నెట్ మీదుగా ఆఫీసు నెట్‌వర్క్‌లోకి వచ్చే రహస్య దారి, ఎందుకంటే, మా ఓనర్ గారిది చీమకుర్తి వైపు. బ్లాక్ గెలాక్సీ గ్రానైట్ వచ్చేది అక్కడ్నుంచే కాబట్టి వారంలో కొన్ని రోజులు ఆయన క్వారీల దగ్గరే ఉంటారు. ఇక్కడ కస్టమర్ స్లాబు ముందు నిలబడి రేటు అడుగుతాడు. ఆ బ్లాకు మనకి ఎంతకి పడింది, ఎన్ని స్లాబులు మిగిలాయి, ఎవరైనా అడ్వాన్సిచ్చి పక్కన పెట్టించుకున్నారా అన్నదంతా ఆఫీసు కంప్యూటర్లో ఉంటుంది. ఆయన ఫోన్లో వీపీఎన్ ఆన్ చేసి, అది చూసుకుని, "ఆ రేటుకి ఇచ్చెయ్యమ్మా" అంటే బేరం కుదిరినట్టు. వీపీఎన్ కలవకపోతే కస్టమర్ పక్క యార్డుకి పోతాడు. జిగణిలో పక్క యార్డంటే నిజంగా పక్కనే.

ఫోన్ మీద "ఆథెంటికేషన్ ఫెయిల్డ్" (గుర్తింపు కుదరలేదు) అని రాగానే మీవాళ్ళు మొదట చేసేది పాస్‌వర్డ్ మార్చడం. దానికీ లొంగకపోతే రౌటర్ రీస్టార్ట్. అప్పటికీ కాకపోతే రీసెట్ కొట్టి అంతా మొదట్నుంచి పెట్టడం. ఎద్దు ఈనిందంటే దూడని కట్టెయ్యమన్నట్టుంటుంది వ్యవహారం. నిన్న సాయంత్రం దాకా పనిచేసిన పాస్‌వర్డ్, ఎవరూ ముట్టుకోకుండా, ఈ పొద్దున ఎలా తప్పవుతుంది? ఆ మాట అడిగితే "సర్వర్ ప్రాబ్లం మేడం, స్వల్ప టైం కొడి" (కాస్త టైం ఇవ్వండి) అని కన్నడలో అంటారు. ఆ సర్వర్ ఎక్కడో లేదు. నా కుర్చీ వెనక గోడకి వేలాడుతున్న మీ రౌటరే అది.

నేను అడిగేది ఒక్కటే. పాస్‌వర్డ్ జోలికి వెళ్ళేముందు రౌటర్ లాగ్, అంటే జరిగిందంతా అది రాసుకునే చిట్టా, తెరిచి చూడండి. రీస్టార్ట్ కంటే కూడా ముందు చూడండి. ఎందుకంటే చిన్న రౌటర్లలో చాలావాటికి లాగ్ ఉండేది ర్యామ్‌లోనే, రీస్టార్ట్ కొట్టగానే చెరిగిపోతుంది. ఏం జరిగిందో చెప్పగల ఒకే ఒక్క సాక్ష్యాన్ని మీ చేత్తోనే తుడిచేసి, ఆ తర్వాత "ఏం ప్రాబ్లమో తెలీట్లేదు మేడం" అంటే నేనేం చెప్పాలి?

ఫోన్ అంత పొడిపొడిగా చెప్పడానికి కారణం లేకపోలేదు. యూజర్ పేరు తప్పా, పాస్‌వర్డ్ తప్పా, అసలు అలాంటి ఖాతా ఉందా లేదా అని బయటివాడికి వివరంగా చెబితే దొంగకి సగం పని చేసిపెట్టినట్టే. అందుకే గుమ్మం బయట నిలబడ్డవాడికి ఒక్క ముక్కే చెబుతారు. కానీ గుమ్మం లోపల ఉన్న రౌటర్‌కి ఆ మొహమాటం లేదు. తనకేం వచ్చిందో, దేన్ని ఒప్పుకోలేదో లాగ్‌లో రాసుకుంటుంది. ఫోన్లో కనెక్ట్ నొక్కిన నిమిషం గుర్తుపెట్టుకుని, లాగ్‌లో ఆ నిమిషం దగ్గర చూస్తే చాలు. మామూలుగా కనిపించేది మూడింట్లో ఒకటి: అసలేమీ ఉండకపోవడం, "నో ప్రపోజల్ చోజెన్", లేదా నిజంగానే "ఆథెంటికేషన్ ఫెయిల్డ్". ఈ మూడింటికీ మందులు వేరు. ఆ మూడోదాంట్లో కూడా పాస్‌వర్డ్ పాత్ర ఒక మూలనే ఉంటుంది.

ఏమీ లేకపోవడం సంగతి ముందు చెబుతాను. మా దగ్గర ఎక్కువ టైం తిన్నది ఇదే. ఫోన్ ఫెయిల్ అంటుంది, రౌటర్‌కి మాత్రం ఎవరూ తలుపు కొట్టినట్టే తెలీదు. అంటే ఫోన్ పంపింది రౌటర్ దాకా రాలేదు. అలాంటప్పుడు పాస్‌వర్డ్ వంద సార్లు మార్చినా దాన్ని చూసే నాథుడే లేడు. చూడాల్సింది రౌటర్ స్టేటస్ పేజీలో వ్యాన్ ఐపీ, అంటే బ్రాడ్‌బ్యాండ్ కంపెనీ రౌటర్‌కి ఇచ్చిన అడ్రసు. అది 100.64 నుంచి 100.127 మధ్య ఉంటే మీ కస్టమర్ సీజీనాట్ వెనక ఉన్నట్టు. పబ్లిక్ ఐపీలు చాలక, ఒకే ఐపీని చాలామందికి పంచే పద్ధతి అది. అందుకోసమే ఆ 100.64 వరసని 2012లో ప్రత్యేకంగా కేటాయించారు. మన వైపు నుంచి బయటికి వెళ్ళడానికి ఏ ఇబ్బందీ ఉండదు, బయట్నుంచి మన రౌటర్‌ని వెతుక్కుంటూ రావడానికి మాత్రం దారుండదు. మీరెన్ని పోర్టులు (రౌటర్ తలుపులు) ఫార్వర్డ్ చేసినా, మారే ఐపీని వెంబడించే డీడీఎన్ఎస్ పేరు పెట్టినా, ఆ పేరు వెళ్ళి ఆగేది బ్రాడ్‌బ్యాండ్ కంపెనీ పెట్టె దగ్గరే.

ఇది నెట్ కనెక్షన్ పెట్టిన రోజే తెలియాల్సిన విషయం. పైగా ముందు పబ్లిక్ ఐపీ ఇచ్చి, ఏ ప్లాన్ మార్పులోనో చెప్పకుండా సీజీనాట్ వెనక్కి నెట్టేయడమూ జరుగుతుంది. అప్పుడే "నిన్నటిదాకా పనిచేసింది" అన్న మాట పుడుతుంది. మనకే సొంతంగా, మారకుండా ఉండే స్టాటిక్ ఐపీకి నెలకి ఇంత అని అడుగుతారు, అది కట్టాలా వద్దా అన్నది మా ఓనర్ గారు తేల్చుకుంటారు. మీరు చేయాల్సిందల్లా ఆ ఐపీ ఒకసారి చూసి సంగతేంటో మాకు చెప్పడం.

ఇక్కడే ఇంకో ముచ్చట. మీ కుర్రాడు వచ్చాడు, వీపీఎన్ పెట్టాడు, నా ఫోన్ తీసుకుని కనెక్ట్ నొక్కాడు, పైన తాళం గుర్తు వచ్చింది. "చూశారా మేడం, వర్కింగ్" అని సంతకం పెట్టించుకుని బండెక్కాడు. నా ఫోన్ అప్పుడు ఆఫీసు వైఫై మీదే ఉంది. లోపల కూర్చుని లోపలి తలుపు తీసి చూపించినట్టు. సాయంత్రం చందాపుర దాటగానే మొబైల్ డేటా మీద నొక్కితే తిరిగి అదే పాట. దయచేసి సంతకం తీసుకునే ముందు ఫోన్లో వైఫై ఆపండి. వీలైతే రెండు వేర్వేరు సిమ్‌ల మీద చూడండి. ఒక హోటల్ వైఫైలోనో హాస్పిటల్ వైఫైలోనో 500, 4500 యూడీపీ పోర్టులు మూసేసి ఉంటే ఐపీసెక్ అనే రకం వీపీఎన్ కలవదు. అది మీ తప్పూ కాదు, పాస్‌వర్డ్ తప్పూ కాదు. కానీ ఆ సంగతి మాకు తెలిసి ఉండాలి.

రెండో రకం, "నో ప్రపోజల్ చోజెన్". పేరూ పాస్‌వర్డూ అడిగే దశ రాకముందే, ఏ ఎన్‌క్రిప్షన్‌లో మాట్లాడుకుందాం అన్నదగ్గరే ఫోనుకీ రౌటరుకీ పడలేదన్నమాట. పాత రౌటర్లు 3డెస్, షా1, డీహెచ్ గ్రూప్ 2 అనే పాత ఎన్‌క్రిప్షన్ పద్ధతుల దగ్గర ఆగిపోయి ఉంటాయి. గ్రూప్ 2 అంటే 1024 బిట్లు. కొత్త ఫోన్లు ఏఈఎస్, షా2, 2048 బిట్ల గ్రూప్ 14, ఆ పైవే అడుగుతాయి. ఫోన్ అప్‌డేట్ అయిన మర్నాడు వీపీఎన్ ఆగిందంటే నేనైతే ముందు ఇటే చూస్తాను. రౌటర్‌లో ఆ ఐచ్ఛికాలు ఉంటే టిక్కు పెట్టడమే, లేకపోతే ఫర్మ్‌వేర్ (రౌటర్ లోపలి సాఫ్ట్‌వేర్) అప్‌డేట్ చేయాలి, దానిక్కూడా లొంగకపోతే రౌటర్ మార్చాలి. మార్చాలంటే మార్చాలని చెప్పండి, మేం డబ్బు పెట్టమని మీరే ముందు ఊహించుకోవద్దు.

మా ఓనర్ గారు కొత్త ఫోన్ కొన్నప్పుడు జరిగింది దీనికి కాస్త దగ్గరగా ఉంటుంది. పాత ఫోన్లో ఎల్2టీపీ అనే పాత రకం వీపీఎన్ మీద ఏళ్ళ తరబడి నడిచింది. కొత్త ఫోన్లో వీపీఎన్ చేర్చే పేజీ తెరిస్తే, టైప్ అన్నచోట ఎల్2టీపీ అన్న మాటే లేదు. ఐకెఈవీ2 అనే కొత్త పద్ధతి పేరుతో మొదలయ్యే మూడు రకాలే ఉన్నాయి: ఎంఎస్‌చాప్‌వీ2, పీఎస్‌కే, ఆర్‌ఎస్‌ఏ. 2021లో వచ్చిన ఆండ్రాయిడ్ 12 నుంచి ఎల్2టీపీ, దానికంటే పాతదైన పీపీటీపీ ప్రొఫైళ్ళని కొత్తగా చేర్చుకునే వీలు తీసేశారు. ఐఫోన్లో అయితే పీపీటీపీ 2016లోనే, ఐఓఎస్ 10తో, పోయింది. మీ హెల్ప్‌లైన్‌లో ఉన్న అబ్బాయి ఫోన్లో ఏం చెప్పాడో తెలుసా? "ఆ మూడింట్లో ఏదో ఒకటి పెట్టండి సార్, అదే కీ, అదే పాస్‌వర్డ్." రౌటర్ ఎల్2టీపీ తప్ప ఇంకోటి వినడం లేదు, ఫోనేమో ఐకెఈవీ2లో మాట్లాడుతోంది. ఫెయిల్ కాక ఏమవుతుంది? ఆ తర్వాత మామూలే, పాస్‌వర్డ్ మార్చారు. దాంతో పాత ఫోన్లో పనిచేస్తున్నది కూడా ఆగింది.

పీపీటీపీ ఇంకా ఎవరికైనా పెడుతున్నారంటే మాత్రం ఆపేయండి. దాని వెనకుండి పాస్‌వర్డ్ సరిచూసే ఎంఎస్‌చాప్‌వీ2ని ఎలా ఛేదించాలో 2012లోనే డెఫ్‌కాన్ అనే హ్యాకర్ల సదస్సు వేదిక మీద చేసి చూపించారు. అదే ఏడాది మైక్రోసాఫ్ట్ కూడా హెచ్చరిక జారీ చేసింది. "పీపీటీపీ అయితే ఏ తలనొప్పీ ఉండదు మేడం" అని ఈ మధ్య కూడా ఒకరు నాతో అన్నారు. తలనొప్పి లేదు నిజమే, తలుపే లేదు కాబట్టి.

ఇప్పుడు మూడోది, రౌటర్ లాగ్‌లో కూడా "ఆథెంటికేషన్ ఫెయిల్డ్" అనే రాసి ఉండటం. ఎల్2టీపీతో కలిపి వాడే ఐపీసెక్ లాంటివాటిలో రహస్యాలు రెండు ఉంటాయని మీకు తెలుసు, మా ఓనర్ గారికి తెలీదు. ఆఫీసంతటికీ ఉమ్మడిగా ఉండే ప్రీ-షేర్డ్ కీ (పీఎస్‌కే) ఒకటి, మనిషికి సొంతంగా ఉండే పాస్‌వర్డ్ ఇంకోటి. రెండూ వేర్వేరు గడుల్లో పడాలి, రెండూ వేర్వేరు దశల్లో పరీక్షకి వస్తాయి. ఫోన్లో ఆయన "పాస్‌వర్డ్ కొట్టానమ్మా" అంటే ఏ గడిలో కొట్టారో అడగాలి. ఐకెఈవీ2 పీఎస్‌కేలో ఐపీసెక్ ఐడెంటిఫయర్ అని ఇంకో గడి ఉంటుంది. కీ అక్షరం అక్షరం సరిగ్గా ఉన్నా, ఈ ఐడెంటిఫయర్ రౌటర్‌లో రిమోట్ ఐడీగా పెట్టినదానితో కలవకపోతే రౌటర్ తోసేస్తుంది. ఆ గడిలో ఏం రాయాలో మా చేతికిచ్చిన ఏ కాగితంలోనూ లేదు. వాట్సాప్‌లో అడిగితే "ఏదైనా పర్లేదు" అని జవాబు. ఏదైనా పర్లేదంటే ఫోన్ అడిగేదే కాదు కదా.

కీని పంపే పద్ధతి కూడా చూడండి. వాట్సాప్‌లో మెసేజ్ పెడతారు. దాన్ని కాపీ చేస్తే చివర ఒక ఖాళీ కూడా అంటుకుని వస్తుంది. గడిలో చుక్కలే కనబడతాయి కాబట్టి ఆ ఖాళీ ఎవరి కంటా పడదు. చేత్తో కొడితే మొదటి అక్షరాన్ని కీబోర్డు తనంతట తానే పెద్దది చేసేస్తుంది. కీని నోట్స్‌లో కొట్టి పెట్టుకున్నది ఐఫోన్ అయితే, స్మార్ట్ పంక్చుయేషన్ ఆన్‌లో ఉంటే, రెండు చిన్న గీతలు కలిసి ఒక పెద్ద గీత అయిపోతాయి, నిటారు కొటేషన్ గుర్తులు వంకర తిరుగుతాయి. సున్నాకీ ఓకీ తేడా తెలీకపోవడం ఎలాగూ ఉంది. ఇంత జరిగే అవకాశం ఉన్నప్పుడు ఆ విచిత్రమైన గుర్తులతో కీ పెట్టడం దేనికి? అక్షరాలూ అంకెలూ మాత్రమే వాడి, పొడుగ్గా పెట్టండి. బలం పొడుగులోనే ఉంటుంది.

కరెంటు పోయిన రోజు సంగతి వేరే చెప్పాలి. యార్డులో కటింగ్ మెషిన్లు నడుస్తుంటాయి, మాకు కరెంటు రావడం పోవడం మామూలే. యూపీఎస్ బ్యాటరీ దిగిపోయిన ఒక మధ్యాహ్నం రౌటర్ ఆగి మళ్ళీ వెలిగింది. నెట్ వచ్చింది, సీసీటీవీ వచ్చింది, వీపీఎన్ మాత్రం రాలేదు. అప్పట్లో ఓపెన్‌వీపీఎన్ అనే ఇంకో రకం పెట్టించుకున్నాం, ఫోన్లకి సర్టిఫికెట్లు (గడువుండే డిజిటల్ గుర్తింపు పత్రాలు) ఇచ్చి. లాగ్ తెరిస్తే ప్రతి లైను ముందూ 1970 జనవరి 1, ఉదయం ఐదున్నర అని ఉంది. కంప్యూటర్లకి కాలం మొదలయ్యేది ఆ రోజునే, గ్రీనిచ్ కాలమానంలో అర్ధరాత్రి అంటే మనకి ఉదయం ఐదున్నర. ఆ లైన్ల మధ్యలో "సర్టిఫికెట్ ఈజ్ నాట్ యెట్ వ్యాలిడ్" అని ఉంది. రౌటర్ లెక్కలో ఆ సర్టిఫికెట్ ఇంకా యాభై ఏళ్ళకి గానీ పుట్టదు మరి.

చిన్న రౌటర్లలో చాలావాటికి గడియారాన్ని నిలబెట్టే బ్యాటరీ ఉండదు. వెలిగాక ఎన్‌టీపీ సర్వర్‌ని అడిగి టైం తెచ్చుకోవాలి. ఆ ఎన్‌టీపీ గడిలో మీవాళ్ళు ఏమీ రాయలేదు. అంతకుముందు టైం ఎలా సరిగ్గా ఉందంటే, సెటప్ చేసిన రోజు బ్రౌజర్ నుంచి "సింక్ విత్ పీసీ" నొక్కారట. మళ్ళీ కరెంటు పోయేదాకా అది నడిచింది. 30 సెకన్లకోసారి మారే ఓటీపీని వీపీఎన్‌కి జత చేసినవాళ్ళకి ఇది ఇంకా ముందే తగులుతుంది. అక్కడ ఏళ్ళ తేడా అక్కర్లేదు, రెండు మూడు నిమిషాలు చాలు.

గడియారం విషయం నా చాదస్తం కాదు. 2022 ఏప్రిల్ 28న కేంద్ర ప్రభుత్వ సైబర్ భద్రతా సంస్థ సెర్ట్-ఇన్ ఇచ్చిన ఆదేశాల్లో కంపెనీలు తమ సిస్టమ్‌ల గడియారాలని నేషనల్ ఇన్ఫర్మేటిక్స్ సెంటర్ (ఎన్ఐసీ) లేదా నేషనల్ ఫిజికల్ లేబొరేటరీ ఎన్‌టీపీ సర్వర్లతో, లేదా వాటితో కలిసిన సర్వర్లతో సరిచేసుకోవాలని, లాగ్‌లు 180 రోజులు దాచాలని ఉంది. ఆ ఆదేశం మా జిగణి యార్డు దాకా వచ్చి తలుపు కొడుతుందా అన్నది పక్కన పెట్టండి. ఎన్‌టీపీ గడి నింపడానికి అర నిమిషం పడుతుంది. లాగ్‌ని ఆఫీసు కంప్యూటర్‌కి పంపేలా సిస్‌లాగ్ పెట్టడానికి ఇంకో పది నిమిషాలు. అది ఉంటే రీస్టార్ట్ కొట్టినా సాక్ష్యం మిగులుతుంది.

సర్టిఫికెట్ల గురించి ఇంకొక్క మాట. ఐఫోన్లో ఐకెఈవీ2 పెట్టినప్పుడు రిమోట్ ఐడీ గడిలో రాసిన పేరు సర్వర్ సర్టిఫికెట్‌లోని సబ్జెక్ట్ ఆల్టర్నేటివ్ నేమ్ అనే గడిలో ఉండాలి. కామన్ నేమ్‌లో ఉంటే సరిపోదు. ఆండ్రాయిడ్‌లో కలిసి ఐఫోన్‌లో కలవకపోతే ఇది చూడండి. ఉచితంగా దొరికే లెట్స్ ఎన్‌క్రిప్ట్ సర్టిఫికెట్ అయితే 90 రోజుల గడువుతో ఇస్తూ వచ్చారు. దానంతటదే రెన్యూ అవ్వాలంటే 80 పోర్ట్ మీద పరీక్ష జరిగేలా పెట్టి, ఆ తర్వాత సెక్యూరిటీ పేరుతో 80 పోర్ట్ మూసేసినవాళ్ళూ ఉన్నారు. సరిగ్గా మూడు నెలలకి ఫోన్ చేసి నన్ను పాస్‌వర్డ్ అడిగారు. ఇంకో చిక్కు, సర్టిఫికెట్లు మోసే ప్యాకెట్లు పెద్దవి. అవి ముక్కలై వెళ్తే కొన్ని మొబైల్ నెట్‌వర్క్‌లలో ఆ ముక్కలు దారిలోనే పోతాయి. లాగ్‌లో మొదటి పలకరింపు 500 పోర్ట్ మీద చక్కగా జరిగి, 4500 మీదికి వెళ్ళాక అదే మాట మళ్ళీ మళ్ళీ పంపుతూ ఉంటే ఇదే అనుమానించాలి. దీనికి 2014లోనే ఐకెఈ ఫ్రాగ్మెంటేషన్ అని ఒక పద్ధతి వచ్చింది. రౌటర్‌లో ఆ టిక్కు ఉందేమో చూడండి.

"వైర్‌గార్డ్ పెట్టుకోండి మేడం, ఈ గొడవలేవీ ఉండవు" అని ఇప్పుడు కొందరు అంటున్నారు. అది ఇంకో కొత్త రకం వీపీఎన్. పెట్టుకున్నాం, బాగుంది, వెనక్కి పోయే ఉద్దేశం లేదు. కానీ దాని మౌనం అలవాటు చేసుకోవాలి. తెలియని కీతో ఎవరైనా వస్తే అది తప్పని కూడా చెప్పదు, పలకదంతే. ఫోన్లో స్విచ్ ఆన్ అయినట్టే ఉంటుంది, పైన తాళం గుర్తూ వస్తుంది, ఏదీ తెరుచుకోదు. చూడాల్సింది "లేటెస్ట్ హ్యాండ్‌షేక్" అన్న లైను, అంటే ఫోనూ రౌటరూ ఆఖరిగా ఎప్పుడు చేయి కలిపాయో చెప్పేది. అది లేకుండా పంపిన బైట్లు పెరుగుతూ, వచ్చినవి సున్నాలోనే ఉంటే రౌటర్ దాకా చేరలేదని అర్థం, లేదా కీలు కలవలేదని. రౌటర్‌ని రీసెట్ చేసి కొత్త కీ జత తయారుచేస్తే, ఫోన్లన్నిట్లో పాత పబ్లిక్ కీ పనికిరాకుండా పోతుంది. ఆ మాట చెప్పకుండా వెళ్ళిపోతే మేం వెతుక్కుంటూ కూర్చోవాలి. ఇంకోటి, ఒకే క్యూఆర్ కోడ్‌ని ఓనర్ గారి ఫోన్‌లోనూ, వాళ్ళబ్బాయి ఫోన్‌లోనూ స్కాన్ చేయించారు మీవాళ్ళు. ఇద్దరూ ఒకేసారి ఆన్ చేస్తే ఎవరి నుంచి ఆఖరి ప్యాకెట్ వస్తే రౌటర్ జవాబు వాళ్ళకి పోతుంది. నాన్నగారికి కలిస్తే అబ్బాయికి తెగుతుంది, అబ్బాయికి కలిస్తే నాన్నగారికి. ఒక ఫోనుకి ఒక కీ. దీంట్లో బేరం లేదు.

కనెక్ట్ అయ్యి కూడా ఏదీ తెరుచుకోకపోతే, ఇంట్లో వైఫై కూడా ఆఫీసులాగే 192.168.1 వరసలోనే ఉందేమో చూడండి. రెండు చోట్లా ఒకే వరసైతే ఫోన్ ఆఫీసు కంప్యూటర్‌ని ఇంట్లోనే వెతుకుతుంది. ఆఫీసు నెట్‌వర్క్‌ని ఆ వరసలో పెట్టకపోతే ఈ బెడదే ఉండదు. వేల ఇళ్ళలో ఉండే వరస అది.

మీ వైపు కష్టాలు నాకు తెలియనివి కావు. ఏఎంసీకి మాలాంటివాళ్ళం ఇచ్చేది ఎంతో, ఆ డబ్బుకి ఒక కుర్రాడు పొద్దున పీణ్యలో ఉండి, మధ్యాహ్నం బొమ్మసంద్రలో ఉండి, మధ్యలో సిల్క్ బోర్డు దగ్గర ఎంతసేపు ఇరుక్కుంటాడో నేను చూస్తూనే ఉన్నాను. వచ్చినవాడికి లాగ్ చదవడం ఎవరూ నేర్పకుండా, కంప్లెయింట్ తొందరగా మూయమని మాత్రం చెబితే వాడు రీసెట్ బటనే నొక్కుతాడు. కాబట్టి ఈ ఉత్తరం వాళ్ళని తిట్టడానికి కాదు, వాళ్ళని పంపే మీకు. ఒక ఆదివారం వాళ్ళని కూర్చోబెట్టి, ఒక రౌటరూ రెండు ఫోన్లూ ముందు పెట్టి, కీ తప్పు కొట్టించి, ఐడెంటిఫయర్ తప్పు పెట్టించి, గడియారం వెనక్కి తిప్పించి, ప్రతిసారీ లాగ్‌లో ఏం వస్తుందో కళ్ళారా చూపించండి. ఆ తర్వాత వాళ్ళే మీకంటే తొందరగా పట్టేస్తారు.

ఆఫీసంతటికీ ఒకే యూజర్ పేరు పెట్టే అలవాటు కూడా మానండి. మా దగ్గర మానేసి వెళ్ళిపోయిన సూపర్‌వైజర్ ఫోన్లో అదే పేరు, అదే పాస్‌వర్డ్ ఉండిపోయాయి. మారుద్దామంటే అందరి ఫోన్లూ ఆగుతాయి, మార్చకపోతే అతని ఫోన్ నుంచి మా స్టాకు కనబడుతూనే ఉంటుంది. మనిషికొక ఖాతా ఉంటే ఒక్క టిక్కుతో తీసేసేదాన్ని. పైగా లాగ్‌లో ఎవరి ఫోన్ ఫెయిలవుతోందో పేరుతో సహా తెలుస్తుంది. పనైపోయాక రౌటర్ లాగిన్ పేజీని బయటి ప్రపంచానికి తెరిచి వదిలేయడం మీకు సౌకర్యమే, మేం ఫోన్ చేస్తే మీ ఆఫీసు నుంచే చూసుకోవచ్చని. దానికీ వీపీఎన్ ద్వారానే రండి, మేం కష్టపడి పెట్టించుకున్నది ఉంది కదా.

చివరగా, వెళ్ళేముందు మా చేతికి ఒక కాగితం ఇవ్వండి. ఏ రకం వీపీఎన్ పెట్టారు, ఫోన్లో ఏ గడిలో ఏం రాయాలి, ఏ పోర్టులు తెరిచారు, మా ఐపీ పబ్లిక్కా కాదా, సర్టిఫికెట్ ఉంటే ఏ తేదీన అయిపోతుంది, ఎన్‌టీపీ సర్వర్ ఏది, లాగ్ ఎక్కడ కనబడుతుంది, ఎవరెవరికి ఖాతాలున్నాయి. అడ్మిన్ పాస్‌వర్డ్ ఆ కాగితం మీద వద్దు, సీల్ చేసిన కవర్లో ఓనర్ గారికి ఇవ్వండి. రౌటర్ మాది, దాని తాళం మీ జేబులోనే ఉంటే మేం ఇంకో ఏఎంసీకి మారలేమని మీరనుకుంటున్నారేమో. రీసెట్ బటన్ ఎక్కడుందో మాకూ తెలుసు.

మా ఏఎంసీ ఏప్రిల్‌లో రెన్యువల్‌కి వస్తుంది. కొటేషన్ పంపేవాళ్ళు రేటు కింద, ఈ కాగితం ఇస్తామని, మొబైల్ డేటా మీద పరీక్షించి చూపించాకే సంతకం అడుగుతామని రెండు లైన్లు రాసి పంపండి. అవి లేని కొటేషన్లు మా ఓనర్ గారి టేబుల్ దాకా వెళ్ళవు. ఆ ఫైలు కూడా నా దగ్గరే ఉంటుంది.

ఇట్లు,
గ్రానైట్ యార్డు అకౌంట్స్ సీటు నుంచి,
జిగణి, బెంగళూరు